నగరం అంచున తీరారణ్యం: కంబాలకొండ రక్షణకు ప్రణాళిక ఎందుకు, ఎలా?

(ప్రత్యేక వ్యాసం)

రావికమతం (నర్సీపట్నం): ఉత్తరాంధ్ర పల్లెలలో కొండల నడుమ లోయను 'లోవ' అని, కొండవాగును 'గెడ్డ' అని వ్యవహరించడం విదితమే. రావికమతం మండలంలోని కల్యాణపులోవ జలాశయం పేరులోను, విశాఖపట్నం నగరానికి తాగునీరు అందించేందుకు ఇరవయ్యో శతాబ్దం ఆరంభంలో నిర్మించిన ముడసర్లోవ జలాశయం పేరులోను అదే 'లోవ' ఉన్నది. నగరానికి నీరిచ్చే మరొక జలాశయం పేరు మేహాద్రిగెడ్డ. కొండపై అడవి నిలిచినంత కాలమే లోవలో నీరు నిలుస్తుందని ఈ ప్రాంత ప్రజలు తరతరాలుగా ఎరిగిన విషయం ఈ పేర్లలోనే నిక్షిప్తమై ఉన్నది. ఒకటి కొండ దిగువ పొలాలను, మరొకటి సముద్రతీర నగరాన్ని ఆనుకొని ఉన్నప్పటికీ, రెండింటి భవితవ్యమూ తూర్పు కనుమల అడవులతోనే ముడిపడి ఉన్నది.

ఈ నేపథ్యంలో, నగరాన్నీ సముద్రాన్నీ ఒకేసారి ఆనుకొని ఉన్న అడవిని రక్షించడం ఎలా అన్న ప్రశ్నకు రాష్ట్రంలో ప్రత్యక్ష నిదర్శనంగా నిలుస్తున్నది విశాఖపట్నంలోని కంబాలకొండ వన్యప్రాణి అభయారణ్యం. ఇది జాతీయ పార్కు కాదు. అయితే నగర తీరప్రాంత జాతీయ పార్కులకు ప్రపంచవ్యాప్తంగా ఎదురవుతున్న సమస్యలన్నీ దీనికీ వర్తిస్తాయి. అందువలన దీని స్థితిగతులను, వర్తించే చట్టాలను, ఇతర నగరాల అనుభవాలను అధికారులు, పాత్రికేయులు సమగ్రంగా తెలుసుకోవలసిన అవసరం ఎంతైనా ఉన్నది.

కంబాలకొండ స్వరూపం

సుమారు 70 చదరపు కిలోమీటర్ల విస్తీర్ణం గల కంబాలకొండ ఒకప్పుడు విజయనగరం సంస్థానాధీశుల అధీనంలో ఉండేది. 2002లో దీనిని వన్యప్రాణి అభయారణ్యంగా ప్రకటించారు. శుష్క సతతహరిత వృక్షాలు, ముళ్ళపొదలు, అక్కడక్కడ గడ్డి మైదానాలు కలగలిసిన అడవి ఇది. చిరుతపులి, చుక్కల దుప్పి, కొండగొర్రె, అడవిపంది, నక్క, అలుగు వంటి జంతువులకు, అనేక జాతుల పక్షులకు, సరీసృపాలకు ఆవాసంగా ఉన్నది.

ఈ కొండల శ్రేణి తూర్పు కనుమల ప్రధాన శ్రేణి నుండి విడివడి సముద్రం వైపు చొచ్చుకొని వచ్చినది. మాడుగుల, రావికమతం, నర్సీపట్నం వైపు కనిపించే పెద్ద కొండలకూ దీనికీ మధ్య చెరకు తోటలు, వరి పొలాలు, ఊళ్ళు, రహదారులు విస్తరించి ఉన్నాయి. కాబట్టి కంబాలకొండలోని వన్యప్రాణులకు అడవి నుండి అడవికి సాగిపోయే మార్గం సులభంగా లభించదు. ఒకవైపు సముద్రం, మిగిలిన వైపుల జనావాసాలు గల ఈ అడవిని భూమి మీది ద్వీపంగా భావించవచ్చును. ద్వీపం ఏ మేరకు కుదించుకొనిపోతే, అందులోని ప్రాణులు ఆ మేరకు అంతరించే ప్రమాదం పెరుగుతుంది.

1977లో ప్రారంభమైన ఇందిరాగాంధీ జంతుప్రదర్శనశాల కూడా కంబాలకొండ అడవి భాగంలోనే, సుమారు 625 ఎకరాలలో ఏర్పాటైనది. జాతీయ రహదారికి ఒకవైపు జంతుప్రదర్శనశాల, మరొకవైపు అభయారణ్య ప్రవేశద్వారం ఉన్నాయి. జంతుప్రదర్శనశాల వెనుక ద్వారం సాగరతీర రహదారి వైపు తెరుచుకుంటుంది. కొండ, అడవి, రహదారి, నగరం, సముద్రం ఇంత చేరువగా ఉన్న ప్రదేశాలు దేశంలో అరుదు. 2011 జనాభా లెక్కల ప్రకారం 17 లక్షలకు పైగా ప్రజలు నివసిస్తున్న మహానగరం ఈ అడవి పాదం వద్దనే విస్తరిస్తున్నది.

అభయారణ్యానికి, జాతీయ పార్కుకు గల తేడా

వార్తలలో రిజర్వు అటవీ ప్రాంతం, అభయారణ్యం, జాతీయ పార్కు, జంతుప్రదర్శనశాల అనే మాటలను ఒకదానికి బదులు మరొకటి వాడడం కనిపిస్తున్నది. చట్టం దృష్టిలో ఇవి వేరువేరు. అభయారణ్యాలకు, జాతీయ పార్కులకు ఆధారం వన్యప్రాణి సంరక్షణ చట్టం, 1972.

అభయారణ్యంలో స్థానికుల హక్కులను కలెక్టరు విచారించిన పిమ్మట, ముఖ్య వన్యప్రాణి సంరక్షణాధికారిని సంప్రదించి, కొన్ని హక్కులు కొనసాగేందుకు అనుమతించవచ్చును. పశువుల మేతను నియంత్రిస్తూ అనుమతించే వీలున్నది. జాతీయ పార్కు విషయంలో చట్టం మరింత కఠినమైనది. తుది ప్రకటనకు ముందుగానే భూమిపై హక్కులన్నీ ప్రభుత్వానికి దఖలు పడవలెను. పశువుల మేతకు అవకాశం లేదు. రెండింటి సరిహద్దులనూ జాతీయ వన్యప్రాణి మండలి సిఫారసు లేకుండా మార్చరాదని 2002 నాటి సవరణ నిర్దేశించినది. 2022 నాటి సవరణ చట్టం ప్రకారం ముఖ్య వన్యప్రాణి సంరక్షణాధికారి ఆమోదించిన నిర్వహణ ప్రణాళికకు అనుగుణంగానే అభయారణ్య నిర్వహణ సాగవలసి ఉన్నది.

2014 విభజన అనంతరం ఆంధ్రప్రదేశ్‌లో శ్రీ వేంకటేశ్వర, పాపికొండ, రాజీవ్ గాంధీ (రామేశ్వరం) జాతీయ పార్కులు ఉన్నాయి. మొదటిది తిరుమల కొండలలో, రెండవది గోదావరి లోయలో, మూడవది కడప ప్రాంతంలో ఉన్నవి. వీటిలో ఏదీ సముద్రతీర నగరాన్ని ఆనుకొని లేదు. హోదా పెంచినంత మాత్రాన అడవికి రక్షణ దానంతట అదే చేకూరదు. హక్కుల పరిష్కారం, స్పష్టమైన హద్దు, సిబ్బంది, నీరు, చుట్టుపక్కల భూముల వినియోగంపై అదుపు లేనిచో జాతీయ పార్కు అన్న పేరు కాగితానికే పరిమితమవుతుంది. ఇవన్నీ ఉన్నచో అభయారణ్య హోదాతోనే ఎంతో సాధించవచ్చును.

హద్దు రాయి నుండి పర్యావరణ సున్నిత మండలం వరకు

నగరం చెంత ఉన్న అడవికి మొదటి ప్రమాదం గొడ్డలి నుండి కాక, భూమి ధర నుండి వస్తుంది. కొండ అంచున గజం భూమి విలువ పెరిగిన కొలదీ, హద్దు రాయి ఎక్కడున్నదన్న వివాదమూ పెరుగుతుంది. అటవీ, రెవెన్యూ, సర్వే శాఖల పటాలు ఒకదానితో ఒకటి సరిపోలని చోట ఆక్రమణలకు ఆస్కారం ఏర్పడుతుంది. కనుక మూడు శాఖలు కలిసి సర్వే జరిపి, ఉపగ్రహ స్థాననిర్దేశ పరికరాలతో హద్దులను నమోదు చేసి, ఆ పటాన్ని ప్రజలకు అందుబాటులో ఉంచడం ఏ రక్షణ ప్రణాళికకైనా తొలి మెట్టు.

రెండవ మెట్టు హద్దు వెలుపలి భూమి. రక్షిత ప్రాంతాల చుట్టూ పర్యావరణ సున్నిత మండలాలను నిర్ణయించేందుకు కేంద్ర పర్యావరణ, అటవీ మంత్రిత్వ శాఖ 2011 ఫిబ్రవరిలో మార్గదర్శకాలు జారీ చేసినది. ఈ మండలంలో గనుల తవ్వకం, కాలుష్య కారక పరిశ్రమల వంటి వాటిని నిషేధిస్తారు. హోటళ్ళు, నిర్మాణాలు, రహదారుల విస్తరణ, రాత్రి వేళ వాహనాల రాకపోకల వంటి వాటిని నియంత్రిస్తారు. రైతులు తమ పొలాలలో చేసుకునే సాగు వంటివి కొనసాగుతాయి. సున్నిత మండలం అనగానే సాగు నిలిచిపోతుందని, ఇల్లు బాగుచేసుకొనరాదని ప్రచారం జరుగుతున్న సందర్భాలలో ఈ వాస్తవాన్ని ప్రజలకు వివరించవలసిన బాధ్యత అధికారులపై ఉన్నది.

ప్రతి రక్షిత అడవి చుట్టూ కనీసం ఒక కిలోమీటరు సున్నిత మండలం ఉండాలని సర్వోన్నత న్యాయస్థానం 2022 జూన్ 3న ఆదేశించినది. అందరికీ ఒకే కొలత పొసగదన్న వాదనలు విన్న మీదట 2023 ఏప్రిల్ 26న ఆ ఆదేశాన్ని సవరించి, ముసాయిదా లేదా తుది నోటిఫికేషన్ వెలువడిన చోట్ల అందులోని హద్దే వర్తిస్తుందని స్పష్టం చేసినది. అయితే జాతీయ పార్కులు, అభయారణ్యాల లోపల, వాటి హద్దు నుండి ఒక కిలోమీటరు మేర గనుల తవ్వకానికి అనుమతి లేదని పేర్కొన్నది. క్వారీల విషయమై వార్తలు రాసేవారు, అనుమతులు పరిశీలించేవారు ఈ తేదీలను గుర్తుంచుకొనడం అవసరం.

నీటి పద్దు

అడవి వలన నగరానికి కలిగే ప్రయోజనాలలో మొదటిది నీరు. వృక్షాచ్ఛాదన గల కొండపై కురిసిన వాన ఆకులపై, ఆకు చెత్తపై, వేళ్ళ సందులలో నెమ్మదించి భూమిలోకి ఇంకుతుంది. చెట్లు తొలగిన కొండపై అదే వాన మట్టిని కోసుకొని ఒక్కసారిగా పల్లానికి చేరుతుంది. ఫలితంగా వర్షాకాలంలో కాలనీలు మునగడం, వేసవిలో బోర్లు ఎండడం, జలాశయాలలో పూడిక పేరుకొనడం అన్నీ ఒకే కారణం నుండి ఉత్పన్నమవుతాయి.

ముడసర్లోవ వంటి జలాశయాల పరీవాహక ప్రాంతంలో ఒక గెడ్డను పూడ్చి లేఅవుటు వేసినచో, ఆ నష్టం అటవీ శాఖ లెక్కలలో కనిపించదు. నగరపాలక సంస్థ తాగునీటి పద్దులో తరువాత ఎప్పుడో కనిపిస్తుంది. కల్యాణపులోవ వంటి గ్రామీణ జలాశయాల విషయంలో అదే నష్టం రైతు ఆయకట్టు చివరి మడిలో కనిపిస్తుంది. అందుచేత అడవి ప్రణాళికను, నీటి ప్రణాళికను, పట్టణాభివృద్ధి ప్రణాళికను మూడు వేర్వేరు దస్త్రాలుగా పరిగణించరాదు. గెడ్డల సహజ మార్గాలను బృహత్ ప్రణాళిక పటంలో గుర్తించి, వాటి ఇరువైపులా నిర్మాణాలు లేని స్థలం విడిచిపెట్టడం అతి తక్కువ వ్యయంతో సాధ్యమయ్యే రక్షణ చర్య.

చిరుతతో సహజీవనం: ముంబై పాఠం

నగరం అంచున చిరుత కనిపించినదన్న వార్త వెలువడగానే బోను పెట్టి పట్టుకోవాలన్న కోరిక ప్రజల నుండి రావడం సహజం. ఈ విషయంలో ముంబైలోని సంజయ్ గాంధీ జాతీయ పార్కు అనుభవం గమనార్హం. సుమారు 104 చదరపు కిలోమీటర్ల ఆ పార్కు చుట్టూ 2004 ప్రాంతంలో చిరుతల దాడులు తీవ్రరూపం దాల్చాయి. ఇతర చోట్ల పట్టుకొన్న చిరుతలను తెచ్చి అడవులలో విడిచిపెట్టడం వలన సమస్య తగ్గకపోగా పెరుగుతున్నదని మహారాష్ట్రలో జరిగిన పరిశోధనలు వెల్లడించాయి. తనకు తెలిసిన ప్రాంతం నుండి తరలించబడిన చిరుత తిరిగి సొంత చోటును వెదుక్కుంటూ జనావాసాల గుండా సంచరిస్తుంది. ఖాళీ అయిన దాని స్థానంలోకి మరొక చిరుత ప్రవేశిస్తుంది.

ఈ అవగాహనతో కేంద్రం 2011లో మానవ - చిరుత సంఘర్షణ నివారణకు మార్గదర్శకాలు విడుదల చేసినది. అదే ఏడాది ముంబైలో అటవీ శాఖ, పరిశోధకులు, పౌరులు, పాత్రికేయులు కలిసి పనిచేసే కార్యక్రమం ప్రారంభమైనది. చెత్తకుప్పలు పెరిగిన చోట వీధికుక్కలు, పందులు చేరుతాయి. వాటి కొరకు చిరుత వస్తుంది. కావున చిరుత సమస్యకు మొదటి పరిష్కారం పారిశుద్ధ్య విభాగం చేతిలో ఉన్నది. చెత్తను ఏ రోజుకు ఆ రోజు తొలగించడం, అడవి అంచున వీధిదీపాలు సక్రమంగా వెలగడం, పిల్లలు చీకటి పడిన తరువాత ఒంటరిగా తిరగకుండా చూడడం, చిరుత కనిపించినప్పుడు జనం గుమికూడకుండా పోలీసులు అదుపు చేయడం బోను కంటె ఎక్కువ ఫలితాన్నిస్తాయి. అదే పార్కులో ఆక్రమణలను తొలగించాలని 1997లో బొంబాయి హైకోర్టు ఆదేశించవలసి వచ్చిన విషయం కూడా గుర్తుంచుకొనదగినది. ఆక్రమణ వేళ్ళూనిన తరువాత తొలగించడం ఎంత కష్టమో, ఎన్ని కుటుంబాలను కదిలించవలసి వస్తుందో ఆ ఉదంతం తెలియజేస్తున్నది.

అగ్ని, పెనుగాలి

తీరప్రాంత అడవికి రెండు దిక్కుల నుండి ముప్పు పొంచి ఉంటుంది. వేసవిలో అగ్ని, వర్షాకాలానంతరం తుఫాను. 2014 అక్టోబరు 12న విశాఖపట్నం వద్ద తీరం దాటిన హుద్‌హుద్ తుఫాను నగరంలోను, కంబాలకొండ, జంతుప్రదర్శనశాలలలోను అసంఖ్యాకంగా చెట్లను నేలకూల్చినది. పెద్ద చెట్లు పడిన ఖాళీలలో ఎండ నేలను తాకగానే లాంటానా వంటి పరదేశీ పొదలు వేగంగా అల్లుకొంటాయి. అవి స్థానిక మొక్కలను ఎదగనీయకపోవడమే కాక, ఎండాకాలంలో నిప్పుకు ఆహుతై మంటను పైకి ఎగదోస్తాయి. కాబట్టి తుఫాను అనంతరం త్వరగా పెరిగే ఏవో మొక్కలు నాటి లెక్క పూర్తిచేయడం కంటె, ఆ కొండకు చెందిన జాతులు తమంతట తాము చిగురించేలా చూచి, పొదలను తొలగించడం మేలు.

దక్షిణాఫ్రికాలోని కేప్‌టౌన్ నగరం నడుమ, సముద్రతీరాన ఉన్న టేబుల్ మౌంటెన్ జాతీయ పార్కు ఈ రెండు సమస్యలకూ పేరొందినది. ప్రభుత్వం, నగరపాలక సంస్థ, ప్రైవేటు యజమానుల చేతులలో ముక్కలుగా ఉన్న భూములను కూర్చి 1998లో దానిని ఏర్పాటు చేశారు. 2004లో చుట్టూ ఉన్న సముద్రాన్ని కూడా రక్షిత ప్రాంతంగా ప్రకటించారు. 2021 ఏప్రిల్‌లో ఆ కొండపై రేగిన మంట కేప్‌టౌన్ విశ్వవిద్యాలయ గ్రంథాలయం వరకు వ్యాపించి, అమూల్య గ్రంథాలను దగ్ధం చేసినది. నగర అడవిలోని మంట నగరపు మంటగా మారేందుకు ఎంతో సేపు పట్టదనడానికి ఇది నిదర్శనం. అగ్నిరేఖలను ఏటా వేసవికి ముందే శుభ్రపరచడం, భారత అటవీ సర్వేక్షణ సంస్థ ఉపగ్రహ సమాచారం ఆధారంగా పంపే హెచ్చరికలు బీటు స్థాయి సిబ్బందికి వెంటనే చేరడం, అగ్నిమాపక శాఖతో ఉమ్మడి కసరత్తు జరపడం ఇందుకు అవసరం.

కొండతో పాటు తీరం

నగర తీరప్రాంత రక్షణ కొండ వద్దనే ఆగిపోరాదు. విశాఖపట్నం, భీమునిపట్నం మధ్య ఉన్న ఎర్రమట్టి దిబ్బలను భారత భూవైజ్ఞానిక సర్వేక్షణ సంస్థ జాతీయ భూవారసత్వ స్థలంగా గుర్తించినది. 2025లో ఇవి తిరుమల కొండలతో పాటు యునెస్కో ప్రపంచ వారసత్వ తాత్కాలిక జాబితాలో చేరాయి. ఇదే తీరంలో ఏటా ఆలివ్ రిడ్లే తాబేళ్ళు ఇసుకలో గుడ్లు పెడతాయి. గుడ్ల నుండి వెలువడిన పిల్లలు సముద్రపు వెలుగు వైపు సాగుతాయి. తీరాన ప్రకాశవంతమైన దీపాలున్నచో దారి తప్పి రహదారి వైపు వస్తాయి. ఆ కొద్ది నెలలు దీపాల కాంతిని తగ్గించడం వ్యయం లేని రక్షణ.

తీరానికి వర్తించేది తీరప్రాంత నియంత్రణ మండలం నోటిఫికేషన్. 1991లో మొదట వెలువడి, 2011లోను, 2019లోను కొత్త రూపం దాల్చిన ఈ నోటిఫికేషన్ ఇసుక దిబ్బలు, మడ అడవులు, తాబేళ్ళు గుడ్లు పెట్టే స్థలాలు, జాతీయ పార్కులు, అభయారణ్యాలను అత్యంత సున్నితమైన మొదటి తరగతిలో చేర్చినది. కాకినాడ చెంత 1978లో ఏర్పాటైన కోరింగ అభయారణ్యంలోని మడ అడవులు ఈ తరగతికి చెందినవే. కంబాలకొండకు వన్యప్రాణి చట్టం, దిబ్బలకు భూవారసత్వ గుర్తింపు, తీరానికి నియంత్రణ మండలం విడివిడిగా వర్తిస్తున్నప్పటికీ, వాన నీరు, గాలి, ఇసుక, ప్రాణులు ఈ శాఖాభేదాలను పాటించవు. కావున మూడింటికీ కలిపి ఒకే పటం, ఒకే సమన్వయ సంఘం ఉండడం సముచితం.

చిన్నదైనా నిలిచిన అడవులు

నగరం మధ్య అడవి మనుగడ సాగించలేదన్న వాదన సరికాదు. చెన్నైలోని గిండి జాతీయ పార్కు విస్తీర్ణం కేవలం 2.7 చదరపు కిలోమీటర్లు. అయినా కృష్ణజింకలకు, చుక్కల దుప్పులకు నెలవుగా నిలిచినది. హైదరాబాద్‌లో 1998లో ఏర్పాటైన కాసు బ్రహ్మానందరెడ్డి జాతీయ పార్కు నగర నడిబొడ్డున ఉన్నది. అయితే దాని చుట్టూ రహదారుల విస్తరణ చర్చకు వచ్చిన ప్రతిసారీ సున్నిత మండలం ఎంత ఉండాలన్న వివాదం తలెత్తుతున్నది. నగరం నలువైపులా కమ్ముకొన్న తరువాత అడవికి ఊపిరాడే జాగా వెదకడం ఎంత దుర్లభమో ఇది తెలుపుతున్నది. కంబాలకొండకు ఆ జాగాలో కొంతయినా ఇంకా మిగిలి ఉండడమే దానికి గల గొప్ప అవకాశం.

పల్లెల భాగస్వామ్యం

అడవిని ఆనుకొని ఉన్న శంభువానిపాలెం వంటి పల్లెల ప్రజలు నగరం రాక ముందు నుండి ఆ కొండలను ఎరిగినవారు. పర్యావరణ పర్యాటకంలో మార్గదర్శకులుగా, అగ్ని కాపలాదారులుగా, హద్దుల సాక్షులుగా వారు అందించగల సేవ అమూల్యం. అటవీ హక్కుల చట్టం, 2006 ప్రకారం అర్హులైన వారి హక్కుల పరిశీలన పూర్తి కాకుండా వారిని తొలగించరాదు. వన్యప్రాణుల కొరకు తరలించవలసి వచ్చినా గ్రామసభ సమ్మతి తప్పనిసరి. కట్టెలు ఏరుకొనే పేదపై కేసు నమోదై, కొండను తొలిచే యంత్రం మాత్రం కంటబడకుండా పోయినచో, చట్టంపై ప్రజలకు విశ్వాసం సన్నగిల్లుతుంది. ఆ విశ్వాసం లేని చోట ఎంతమంది గార్డులను నియమించినా అడవి నిలువదు.

అధికారులు, పాత్రికేయులు గమనించవలసిన అంశాలు

ఏ ప్రతిపాదననైనా పరిశీలించేటప్పుడు ఈ క్రింది ప్రశ్నలకు సమాధానం రాబట్టడం మేలు.

- ప్రతిపాదిత స్థలం అభయారణ్యం లోపలిదా, రిజర్వు అటవీ భూమా, సున్నిత మండలమా, రెవెన్యూ భూమా?
- హద్దును నిర్ధారించిన సర్వే ఏ సంవత్సరానిది? మూడు శాఖల పటాలు సరిపోలినవా?
- జాతీయ వన్యప్రాణి మండలి సిఫారసు, అటవీ సంరక్షణ చట్టం, 1980 కింద అనుమతి, తీరప్రాంత నియంత్రణ మండలం అనుమతులలో ఏవేవి అవసరం? ఏవి లభించాయి?
- గెడ్డల మార్గం, జలాశయ పరీవాహక ప్రాంతం ఏ మేరకు ప్రభావితమవుతాయి?
- స్థానికుల హక్కుల విచారణ పూర్తయినదా?

2022 ఏప్రిల్ 4న జిల్లాల పునర్విభజనతో రావికమతం అనకాపల్లి జిల్లాలో చేరినది. కంబాలకొండ విశాఖపట్నం జిల్లాలో ఉన్నది. పాలనా పటంపై గీతలు మారినప్పటికీ కొండల నుండి జారే నీటి దారులు మారలేదు. నగరం పెరిగేది పడమరగా, పల్లెల వైపుగానే గనుక, కంబాలకొండ అంచున ఈనాడు తలెత్తుతున్న హద్దు వివాదం, క్వారీ వివాదం, గెడ్డ పూడిక రేపు రావికమతం వంటి మండలాల కొండల వద్దనూ ఎదురు కావచ్చును. నగరం దరి చేరక ముందే హద్దులు నిర్ధారించి, లోవలను, గెడ్డలను పటంలోకి ఎక్కించినచో, తరువాత న్యాయస్థానాల చుట్టూ తిరగవలసిన అవసరం చాలా వరకు తప్పుతుంది. కొండను కాపాడుకొనే పని కొండ మిగిలి ఉన్నప్పుడే చేపట్టవలసి ఉన్నది.